మత్తు పదార్థాలూ ప్రజారోగ్య చరిత్రా: తరచుగా అడిగే ప్రశ్నలు

మద్యం, నల్లమందు, పొగాకు. ఈ మూడింటి చరిత్రనూ పక్కపక్కన పెట్టుకుని చదివితే ఒక సంగతి పదేపదే కనబడుతుంది. జనం ప్రాణాల మీదికి వచ్చింది పదార్థంలో ఉన్న మత్తు వల్ల కొంతే. అది ఎంత వేగంగా, ఎంత చవగ్గా, ఎవరి చేతుల మీదుగా మనిషికి చేరుతోందన్న దాని వల్ల ఎక్కువ. కింది జవాబులన్నీ ఆ కోణం నుంచి రాసినవే.

తాగుడును జబ్బుగా చూడటం ఎప్పుడు మొదలైంది?

18వ శతాబ్దం చివర్లో. అంతకుముందు దాన్ని పాపమనేవారు, లేదా గుణదోషమనేవారు. అమెరికాలో బెంజమిన్ రష్ 1784లోనూ, బ్రిటిష్ నౌకాదళ వైద్యుడు థామస్ ట్రాటర్ 1804లోనూ తాగుడును వైద్యానికి లొంగే జబ్బుగా వర్ణించారు. 1849లో స్వీడన్ వైద్యుడు మాగ్నస్ హుస్, ఏళ్ల తరబడి తాగినవాళ్ల నరాలు, కాలేయం, కడుపు ఎలా చెడిపోతాయో రోగుల్ని పరీక్షించి నమోదు చేశాడు. రష్ చూపు మాత్రం సగమే. బట్టీ పెట్టి కాచిన సారాయే విషమనీ, బీరూ వైనూ మితంగా తాగితే ఒంటికి మంచివేననీ అతను నమ్మాడు.

జబ్బు అన్న మాట రోగులకు మేలు చేసింది. జైలు బదులు మంచం దొరికింది. చిత్రంగా మద్యం వ్యాపారులకూ అది నచ్చింది. జబ్బు కొందరిదే అయితే మిగతా అందరికీ నిశ్చింతగా అమ్ముకోవచ్చు కదా! దీనికి గట్టి ఎదురుమాట ఫ్రాన్స్ గణాంకవేత్త లెడర్మన్ నుంచి 1956లో వచ్చింది. ఒక సమాజంలో సగటు తాగుడు పెరిగితే విపరీతంగా తాగేవాళ్ల సంఖ్య కూడా పెరుగుతుందన్నాడు. ఆయన సూత్రం అంకెల దగ్గర అంత కచ్చితంగా నిలవలేదు గానీ, చూపిన దిశ నిలిచింది.

రెండో ప్రపంచ యుద్ధ కాలంలో పారిస్‌లో వైనుకు రేషన్ పెట్టాక సిర్రోసిస్ (కాలేయం గట్టిపడే జబ్బు) మరణాలు కొద్ది ఏళ్లలోనే భారీగా పడిపోయాయి. కాలేయం గట్టిపడటానికి ఇరవై ఏళ్లు పడుతుంటే మరణాలు అంత త్వరగా ఎలా తగ్గాయని అడుగుతుంటారు. ఏ రోజు చూసినా, ఇంకాస్త తాగితే కాలేయం చేతులెత్తేసే స్థితిలో కొన్ని వేలమంది ఉంటారు. సరఫరా తగ్గితే ముందు బతికేది వాళ్లే.

18వ శతాబ్దపు లండన్‌లో జిన్ గొడవ ఏమిటి? చట్టాలు చేసినా ఎందుకు ఆగలేదు?

1690లో స్వదేశీ సారా బట్టీలకు ప్రభుత్వం తలుపులు బార్లా తెరిచింది. భూస్వాముల దగ్గర మిగులు ధాన్యం ఉంది, ఖజానాకు సుంకం కావాలి. ఫలితంగా లండన్ పేదపేటల్లో కొవ్వొత్తుల దుకాణంలో కూడా జిన్ అనే ధాన్యపు సారా దొరికే స్థితి వచ్చింది. 1736లో పార్లమెంటు ఉన్నట్టుండి ఎదురుదెబ్బ కొట్టింది: చిల్లర అమ్మకానికి ఏడాదికి 50 పౌండ్ల లైసెన్సు, గాలన్‌కు 20 షిల్లింగుల సుంకం, దొంగ అమ్మకాన్ని పట్టిచ్చినవాళ్లకు 5 పౌండ్ల బహుమతి. అంత పెట్టి లైసెన్సు తీసుకున్నవాళ్లు వేళ్ల మీద లెక్కపెట్టేంతమంది. మిగతావాళ్లు మందు పేరుతో సీసాల్లో పోసి అమ్మారు. పట్టిచ్చినవాళ్లను జనం వీధుల్లో తరిమి కొట్టారు. 1743లో చట్టాన్ని ఎత్తేయక తప్పలేదు.

1751 చట్టం తక్కువ అరిచి ఎక్కువ పని చేసింది. సుంకం ఓ మాదిరిగా పెంచి, బట్టీదారు నేరుగా చిల్లరగా అమ్మకూడదనీ, లైసెన్సు లేనివాడికి సరుకు ఇవ్వకూడదనీ తేల్చింది. వందల బట్టీల మీద కన్నేయడం సాధ్యం, వేల వీధి అమ్మకందార్ల మీద అసాధ్యం. తర్వాత 1757లో పంటలు దెబ్బతిని, ధాన్యంతో సారా కాయడాన్నే కొన్నేళ్లు ఆపేశారు. కాబట్టి తగ్గుదల ఘనతంతా చట్టానికే ఇవ్వకూడదు.

నల్లమందు వేల ఏళ్లుగా ఉంది కదా. 19వ శతాబ్దంలోనే ఎందుకంత సమస్య అయింది?

మూడు మార్పులు ఒకదాని వెనక ఒకటి వచ్చాయి. 1805 ప్రాంతంలో జర్మన్ ఔషధకారుడు జెర్ట్యూర్నర్ నల్లమందు నుంచి మార్ఫిన్‌ను వేరు చేశాడు. 1827 నుంచి మెర్క్ దాన్ని పెద్ద ఎత్తున తయారు చేసింది. 1853లో ఎడిన్‌బరోలో అలెగ్జాండర్ వుడ్ బోలు సూదితో చర్మం కింద మార్ఫిన్ ఎక్కించాడు. నోటితో మింగితేనే ఆకలిలాంటి కోరిక పుడుతుంది, సూదితో ఇస్తే పుట్టదు అని ఆ కాలపు వైద్యులు చాలామంది నమ్మారు. జరిగింది సరిగ్గా తలకిందులు. మింగిన నల్లమందు నెమ్మదిగా ఒంటికెక్కుతుంది, కొంత కాలేయంలోనే విరిగిపోతుంది. సూదితో అయితే నిమిషాల్లో మెదడుకు చేరుతుంది. మెదడు గుర్తుపెట్టుకునేది ఆ వేగాన్నే. 1898లో బేయర్ కంపెనీ హెరాయిన్‌ను దగ్గు మందుగా మార్కెట్లోకి తెచ్చింది. అది మార్ఫిన్ కంటే త్వరగా మెదడులోకి దూరి, అక్కడ మళ్లీ మార్ఫిన్‌గా మారుతుంది.

ఎక్కువమందికి తగిలిన దెబ్బ సీసా మందుల నుంచి. బ్రిటన్‌లో గాడ్‌ఫ్రే కార్డియల్, అమెరికాలో మిసెస్ విన్స్లో సూదింగ్ సిరప్ ఏడ్చే పిల్లల కోసం అమ్మేవారు. మొదటిదానిలో నల్లమందు, రెండోదానిలో మార్ఫిన్. సీసాను కదపకపోతే నల్లమందు అడుగున పేరుకుని చివరి చెంచాలు మోతాదు దాటేవి. పైగా దుకాణానికో పాళ్లు. పనికి వెళ్లే తల్లి బిడ్డను అప్పగించిన ఆయా, బిడ్డ ఎక్కువసేపు నిద్రపోవాలని ఇంకో చెంచా పోసేది. మత్తులో బిడ్డ పాలు తాగదు. చాలామంది పిల్లలు విషంతో కాక పస్తుతో పోయారు, చావు కారణం దగ్గర వేరే ఏదో రాశారు.

బ్రిటన్ 1868 ఫార్మసీ చట్టం నల్లమందును విషాల జాబితాలో చేర్చి, లేబుల్ తప్పనిసరి చేసింది, కానీ పేటెంటు మందుల్ని వదిలేసింది. అమెరికా 1906 చట్టం ఏమీ నిషేధించలేదు. మార్ఫిన్, కొకైన్, మద్యం, గంజాయి వంటివి ఉంటే సీసా మీద రాయాలంది, అంతే. ఆ ఒక్క వాక్యానికే చాలా సీసాల గిరాకీ పడిపోయింది.

చైనాకు నల్లమందు పంపింది లాభం కోసమేనా?

చైనా టీ కొనడానికి బ్రిటన్ వెండి చెల్లించాల్సి రావడం అసలు కారణం. ఈస్టిండియా కంపెనీ పాట్నా, ఘాజీపూర్ కర్మాగారాల్లో సరుకు తయారు చేయించి కలకత్తాలో వేలం వేసేది. చైనాకు చేర్చే పని ప్రైవేటు వర్తకులది, కాబట్టి దొంగరవాణా మచ్చ కంపెనీకి అంటేది కాదు. 1839 జూన్‌లో చైనా అధికారి లిన్ జెషూ హ్యూమెన్ దగ్గర 20,000కు పైగా పెట్టెల్ని స్వాధీనం చేసుకుని ధ్వంసం చేయించాడు. తగలబెడితే కొంత నేలలోకి ఇంకి, మట్టి తవ్వి మళ్లీ తీసుకుంటారు. అందుకే గోతుల్లో నీళ్లు, ఉప్పు, సున్నం కలిపి సరుకును కరిగించి సముద్రంలోకి వదిలారు. దానికి మూడు వారాలకు పైగా పట్టింది. బ్రిటన్‌తో యుద్ధం ఎలాగూ వచ్చింది.

1907 ఒప్పందంతో భారత్ నుంచి ఎగుమతి ఏటా పదో వంతు చొప్పున తగ్గించడానికి బ్రిటన్ ఒప్పుకుంది. 1909లో షాంఘైలో 13 దేశాలు కూర్చున్నాయి. 1912లో హేగ్ ఒప్పందం కుదిరింది. నేటి అంతర్జాతీయ మత్తుమందుల చట్టాల వేర్లు అక్కడున్నాయి.

బానిసైనవాళ్లకు డాక్టరే మందు రాసివ్వడం ఎక్కడి ఆచారం?

ఒకే ప్రశ్నకు రెండు దేశాలు రెండు జవాబులిచ్చాయి. అమెరికాలో మత్తుమందుల మీద వచ్చిన 1914 హారిసన్ చట్టం పైకి పన్ను చట్టం. 1919లో సుప్రీంకోర్టు, అలవాటును నిలబెట్టడానికి మార్ఫిన్ రాయడం వైద్యం కిందికి రాదని తీర్పిచ్చింది. నగరాలు నడిపిన క్లినిక్‌లు 1920ల మొదట్లో ఒక్కొక్కటిగా మూతపడ్డాయి, రోగులు వీధి వ్యాపారి దగ్గరికి నడిచారు. బ్రిటన్‌లో 1926 రోల్‌స్టన్ నివేదిక, మానలేని రోగికి నిలకడైన మోతాదు ఇవ్వడం వైద్యమేనంది. అక్కడ రోగుల సంఖ్య కొన్ని వందలే ఉండటం వల్ల ఆ పద్ధతి సాగిందన్న విమర్శలో నిజం లేకపోలేదు. 1960లలో యువకులు రావడంతో అదీ మారిపోయింది.

1964 ప్రాంతంలో న్యూయార్క్‌లో విన్సెంట్ డోల్, మేరీ నైస్వాండర్ మెథడోన్ (హెరాయిన్‌కు బదులుగా ఇచ్చే మందు) వైద్యం మొదలుపెట్టారు. హెరాయిన్ ప్రభావం కొన్ని గంటల్లో దిగిపోతుంది. మెథడోన్ ఒక రోజంతా నిలుస్తుంది కాబట్టి రోజుకొకసారి నోటితో తీసుకుంటే చాలు. పొరపాట్లు రెండు చోట్ల జరుగుతాయి. మొదటిది ఆరంభంలో: మందు నాలుగైదు రోజులపాటు ఒంట్లో పేరుకుంటూ పోతుంది. తొలిరోజు 30 మిల్లీగ్రాములు దాటినా, రోగి ఇబ్బంది చూసి తొందరగా పెంచినా, మూడో నాలుగో రోజున నిద్రలో ఊపిరి ఆగే ప్రమాదం ఉంది. రెండోది తర్వాత: పిసినారితనంగా 30, 40 దగ్గరే ఆపేస్తే కోరిక తీరక రోగి మళ్లీ వీధికి వెళ్తాడు. 60, అంతకు పైన ఇచ్చిన చోట్ల ఎక్కువమంది వైద్యంలో నిలిచారు. మెథడోన్ పనిచేయదన్న ఫిర్యాదుల్లో చాలావాటి వెనక ఈ చాలీచాలని మోతాదే ఉంది.

పొగాకు పాతదే. సిగరెట్ ఎందుకు ప్రత్యేకం?

చుట్ట, పైపు పొగ క్షార గుణం కలది, గొంతులో మండుతుంది. అందులోని నికొటిన్ నోటి చర్మం గుండానే ఒంట్లోకి వెళ్తుంది. వేడి గాలి గొట్టాల కొట్టంలో ఆరబెట్టిన ఆకులో చక్కెర మిగిలి, పొగ కాస్త ఆమ్లగుణంతో మెత్తగా ఉంటుంది. ఊపిరితిత్తుల దాకా పీల్చవచ్చు. పీల్చితే తప్ప నికొటిన్ అందదు కూడా. పీల్చిన 10 నుంచి 20 సెకన్లలో మెదడుకు చేరుతుంది. అంటే ఇదీ సూది కథే.

మిగతా సగం యంత్రానిది. చేత్తో చుట్టే పనివాడు నిమిషానికి నాలుగు సిగరెట్లు చుడితే గొప్ప. జేమ్స్ బోన్సాక్ 1881లో పేటెంటు పొందిన యంత్రం రోజుకు లక్షకు పైగా చుట్టింది. 1884 నుంచి దాన్ని వాడిన డ్యూక్ కంపెనీకి అమ్మకం సమస్యయింది, దాంతో ప్రకటనల కాలం మొదలైంది.

పొగ వల్ల క్యాన్సర్ అని 1950లోనే తేలింది. చర్యలకు అన్నేళ్లు ఎందుకు పట్టింది?

1950లో రిచర్డ్ డాల్, బ్రాడ్‌ఫర్డ్ హిల్ లండన్ ఆస్పత్రుల్లో ఊపిరితిత్తుల క్యాన్సర్ రోగుల్నీ, ఇతర రోగుల్నీ పోల్చారు. క్యాన్సర్ వచ్చిన 649 మంది పురుషుల్లో పొగ తాగనివాళ్లు ఇద్దరే. పోలికకు తీసుకున్న 649 మందిలో 27 మంది. రెండు గుంపుల మధ్య తేడా అంకెల్లో చిన్నదిగా కనబడటానికి కారణం, అప్పటి మగవాళ్లలో దాదాపు అందరూ తాగేవాళ్లే. అందరూ చేసే పని వల్ల వచ్చే జబ్బును కనిపెట్టడం కష్టం. అందుకే 1951లో బ్రిటిష్ డాక్టర్లకే ఉత్తరాలు రాసి, వాళ్లను దశాబ్దాలపాటు గమనించారు. 2004లో వచ్చిన 50 ఏళ్ల ఫలితం: మానకుండా తాగినవాళ్లు సగటున పదేళ్ల ఆయుష్షు పోగొట్టుకున్నారు. 60వ ఏట మానితే మూడేళ్లు, 50లో ఆరు, 40లో తొమ్మిది, 30లో మానితే దాదాపు మొత్తం పదేళ్లూ తిరిగొచ్చాయి.

ఆలస్యం యాదృచ్ఛికం కాదు. 1954 జనవరి 4న అమెరికా కంపెనీలు 400కు పైగా పత్రికల్లో ఒక ప్రకటన వేయించాయి: రుజువు కాలేదు, మేమే పరిశోధన చేయిస్తాం అని. కాదని వాదించి గెలవనక్కర్లేదు, తేలలేదన్న భావన బతికుంటే చాలు. 1969 నాటి ఒక కంపెనీ లోపలి పత్రం, సందేహమే మన సరుకు అని బాహాటంగా రాసుకుంది. ప్రభుత్వాలకు పొగాకు సుంకం మీదున్న ఆశ కూడా తోడైంది. పొగ వల్ల క్యాన్సర్ అని తేల్చిన అమెరికా సర్జన్ జనరల్ (ప్రభుత్వ ప్రజారోగ్య ప్రధాన వైద్యాధికారి) నివేదిక 1964 జనవరి 11న వచ్చింది. మార్కెట్లు కంగారు పడకూడదని శనివారం విడుదల చేశారు.

లైట్ సిగరెట్లు తక్కువ హానికరం అని ఎలా అనగలిగారు?

యంత్రంతో కొలిచి. ఆ యంత్రం నిమిషానికొకసారి, రెండు సెకన్లపాటు, 35 మిల్లీలీటర్ల పొగ లాగుతుంది. ఫిల్టర్ చుట్టూ సన్నని రంధ్రాలు పెడితే గాలి కలిసి అంకె తగ్గుతుంది. మనిషి అలా తాగడు. రంధ్రాలు వేళ్ల కిందో పెదవుల కిందో మూసుకుపోతాయి. నికొటిన్ చాలక ఇంకా గట్టిగా, ఇంకా తరచుగా, ఇంకా లోతుగా పీలుస్తాడు. చివరికి ఒంట్లోకి పోయేది అంతే.

అమెరికా మద్యనిషేధం పూర్తిగా విఫలమేనా?

అలా అనేయడం సులువు గానీ సరికాదు. 1920 జనవరి నుంచి 1933 డిసెంబరు దాకా అమలైన ఆ చట్టం తొలి ఏళ్లలో తాగుడును బాగా తగ్గించింది. సిర్రోసిస్ మరణాలూ తక్కువగానే ఉన్నాయి. తర్వాత తాగుడు మళ్లీ పైకి వచ్చింది. పెద్ద చిక్కు సరుకు స్వభావం మారడంలో ఉంది. దొంగరవాణాలో బరువు ఖరీదు, కాబట్టి బీరు పోయి గాఢమైన సారా వచ్చింది.

కల్తీకి 1930 నాటి ఉదంతం ఒక్కటి చాలు. అల్లం సారాన్ని మందుగా అమ్మడానికి అనుమతి ఉండేది, తాగలేనంత ఘాటుగా ఉండాలన్న షరతుతో. ఇన్‌స్పెక్టర్ ద్రవాన్ని మరిగించి, మిగిలిన గట్టి పదార్థాన్ని తూచేవాడు. అల్లం తగ్గించి, తూకం సరిపోయేలా ట్రై ఆర్థో క్రెసిల్ ఫాస్ఫేట్ అనే పారిశ్రామిక రసాయనం కలిపారు. రుచి లేదు, వాసన లేదు, తూకం పరీక్ష నెగ్గింది. అది నరాల్ని చంపుతుంది. పదుల వేలమందికి కాళ్లు చచ్చుబడ్డాయి.

ఫిన్లండ్ 1919లో నిషేధించి 1932లో ఎత్తేసింది. డెన్మార్క్ నిషేధించకుండా 1917లో సారా మీద పన్ను వేసి ధరను పది రెట్లకు పైగా పెంచింది. తాగుడూ, సన్నిపాతం (తాగుడు వల్ల మతి చెదిరే జబ్బు) కేసులూ అమాంతం పడిపోయాయి, అమెరికాలోలా దొంగసారా సామ్రాజ్యాలు పుట్టలేదు. ఈ విషయంలో ఎక్కువ మంది చదవాల్సిన అనుభవం డెన్మార్క్‌దే.

దొంగసారా తాగితే చూపు ఎందుకు పోతుంది?

మిథనాల్ వల్ల. సరిగా కాయకపోవడం వల్ల పుడుతుందని చాలామంది అనుకుంటారు. పిండి, చక్కెర పులిసినప్పుడు వచ్చే మిథనాల్ స్వల్పం. సామూహిక మరణాలు దాదాపు ఎప్పుడూ పారిశ్రామిక మిథనాల్‌ను చవగ్గా తెచ్చి కలపడం వల్లే.

మిథనాల్ తనంతట తాను పెద్ద విషం కాదు. కాలేయంలో అది ఫార్మాల్డిహైడ్‌గా, ఆపై ఫార్మిక్ ఆమ్లంగా మారుతుంది. ఆ ఆమ్లం కణాలు ఆక్సిజన్‌ను వాడుకోకుండా అడ్డుపడుతుంది, కంటి నరం ముందు దెబ్బతింటుంది. 10 మిల్లీలీటర్లతో చూపు పోవచ్చు, 30తో ప్రాణమే పోవచ్చు. లక్షణాలు 12 నుంచి 24 గంటలు ఆలస్యంగా వస్తాయి. మామూలు మద్యం కూడా కలిసి ఉంటే ఇంకా ఆలస్యం, ఎందుకంటే కాలేయం ముందు దాన్నే పట్టుకుంటుంది. కడుపునొప్పి, వాంతులు, వేగంగా ఊపిరి, కళ్ల ముందు మంచు కురిసినట్టు తెల్లదనం కనిపిస్తే గంటలు కూడా ఆగకూడదు. ఆస్పత్రిలో ఫోమెపిజోల్ అనే విరుగుడు మందు లేదా కొలిచిన ఇథనాల్‌తో ఆ మార్పిడిని ఆపి, బైకార్బొనేట్, డయాలసిస్‌తో ఆమ్లాన్ని తీసేస్తారు. ఒకే చోట తాగినవాళ్లందర్నీ, బాగానే ఉన్నామన్నవాళ్లతో సహా, తీసుకెళ్లాలి.

పాత పత్రాల్లో మద్యం లెక్కల్ని ఎలా పోల్చాలి?

అన్నింటినీ స్వచ్ఛమైన ఆల్కహాల్ గ్రాముల్లోకి మార్చాలి: మిల్లీలీటర్లను శాతంతో, ఆపై ఆల్కహాల్ సాంద్రత 0.789తో గుణించాలి. 40 శాతం సారా 750 మిల్లీలీటర్లంటే 300 మిల్లీలీటర్ల ఆల్కహాల్, సుమారు 237 గ్రాములు. 5 శాతం బీరు 650 మిల్లీలీటర్లలో సుమారు 26 గ్రాములు. తప్పులు దొర్లేది ప్రూఫ్ (మద్యం గాఢతకు పాత కొలత) దగ్గర: బ్రిటిష్ 100 ప్రూఫ్ 57.1 శాతం, అమెరికన్ 100 ప్రూఫ్ 50 శాతం. గాలన్ కూడా అంతే: బ్రిటిష్ ఇంపీరియల్ 4.546 లీటర్లు, అమెరికన్ 3.785. 18వ శతాబ్దపు ఇంగ్లండ్ వైన్ గాలన్ రెండోదానితో సమానం. ఇంకో మాట: సుంకం లెక్కలు పన్ను కట్టిన సరుకునే చూపుతాయి. సుంకం పెరిగిన ఏడాది అమ్మకం పడిపోయిందంటే తాగుడు తగ్గి ఉండొచ్చు, దొంగచాటుకు పోయి ఉండొచ్చు. సిర్రోసిస్ మరణాలతో సరిచూడాలి.

తాగుడు హఠాత్తుగా మానేస్తే ప్రాణానికి ప్రమాదమా?

రోజూ ఎక్కువగా తాగేవాళ్లకు అవును. ఆఖరి గ్లాసు తర్వాత 6 గంటల నుంచి వణుకు, చెమట. 6 నుంచి 48 గంటల మధ్య మూర్ఛలు. 48 నుంచి 96 గంటల మధ్య లేనివి కనిపించడం, జ్వరం, గుండె దడతో సన్నిపాతం. వైద్యులు డయాజిపామ్ వంటి మందుల్ని తగ్గిస్తూ ఇస్తారు. విటమిన్ బి1 ముందుగా, గ్లూకోజ్‌ ఆలస్యం కాకుండా ఇవ్వడం ముఖ్యం. బి1 లేని మెదడుకు గ్లూకోజ్ ఒక్కటే ఎక్కిస్తే శాశ్వత మతిమరుపు మిగలొచ్చు.

నల్లమందు రకాల్లో ప్రమాదం తర్వాత పొంచి ఉంటుంది. కొన్ని వారాలు మానాక ఒంటికి అలవాటు తప్పుతుంది. పాత మోతాదే తీసుకుంటే ఊపిరి ఆగుతుంది. జైలు నుంచి విడుదలైన తొలి రెండు వారాల్లో మరణాలు ఎక్కువ కావడానికి కారణం ఇదే.

నికొటిన్ గమ్ నాకు పనిచేయలేదు. ఎందుకు?

బహుశా మామూలు చూయింగ్ గమ్‌లా నమిలి ఉంటారు. అప్పుడు నికొటిన్ లాలాజలంతో కడుపులోకి పోయి, కాలేయంలో చాలావరకు విరిగిపోతుంది. మిగిలేవి ఎక్కిళ్లు, వికారం. ఘాటు తగిలేదాకా నెమ్మదిగా నమిలి, చిగురుకూ బుగ్గకూ మధ్య ఆనించి ఉంచాలి. ఘాటు తగ్గాక మళ్లీ నమలాలి, అలా అరగంట. కాఫీ, పండ్లరసం, కూల్‌డ్రింక్ ఆమ్లగుణం కలవి, నోటి నుంచి నికొటిన్ ఎక్కకుండా చేస్తాయి. పావుగంట ముందు నుంచే ఆపాలి. రోజుకు 25 సిగరెట్లకు పైగా తాగేవాళ్లకు 2 మిల్లీగ్రాములు చాలవు, 4 కావాలి.

శుభ్రమైన సూదులు పంచితే వాడకం పెరగదా?

ఎడిన్‌బరో, గ్లాస్గోలను చూడండి. రెండూ స్కాట్లండ్ నగరాలే, గంట దూరం. 1980ల మొదట్లో ఎడిన్‌బరోలో పోలీసు ఒత్తిడితో సిరంజిలు దొరకడం ఆగింది. ఒక్క సిరంజినే పదిమంది పంచుకున్నారు. దశాబ్దం మధ్యకల్లా సూది వాడేవాళ్లలో సుమారు సగంమందికి హెచ్ఐవీ సోకింది. గ్లాస్గోలో అది కొన్ని శాతమే. సిరంజి లేదని మానినవాళ్లు దాదాపు లేరు. ఆమ్‌స్టర్‌డామ్‌లో 1984లో మొదలైన సూదుల మార్పిడి హెపటైటిస్ బి ఆపడం కోసం, వాడేవాళ్ల సంఘమే అడిగి సాధించుకున్నది. పాత సూది ఇస్తేనే కొత్తది అన్న కఠిన నియమం చాలాచోట్ల బెడిసింది. పోలీసులకు దొరుకుతామని పాత సూది వెంట తెచ్చుకోనివాడు ఖాళీ చేతులతో తిరిగెళ్లి, పక్కవాడి సిరంజి అడిగేవాడు.